కట్టె, కొట్టె, తెచ్చె... 700 ఎంబీ: కంప్రెషన్, పైరసీ అనే పోలికలు మన ఆశయాలకు ఎంతవరకు అతుకుతాయి?

ఐదు వందల పేజీల పుస్తకం పావుగంట ఆడియో సారాంశంగా వస్తోంది. పాఠాలను 2 రెట్ల వేగంతో వింటున్నారు. ఏళ్ల తరబడి చదివే చదువు ఆరు వారాల క్రాష్ కోర్సులో ఇమిడిపోతానంటోంది. ఒకరు చేసిన ప్రాజెక్టు నాలుగు మార్పులతో ఇంకొకరి పోర్ట్‌ఫోలియోలోకి చేరుతోంది. త్వరగా పైకి రావాలన్న ఈ ఆరాటాన్ని కంప్రెషన్‌తో, పైరసీతో పోల్చడం మామూలైపోయింది. పోలిక బాగానే ఉంది. చిక్కల్లా ఆ రెండు మాటల్నీ ఒకే గాటన కట్టేయడంలోనే. కుదించడం వేరు, దొంగ కాపీ తీయడం వేరు. మొదటిదాని విషయంలో అడగాల్సింది ‘ఏం పోయింది?’ అని. రెండోదాని విషయంలో ‘ఎవరి ఖర్చు ఎగ్గొట్టారు?’ అని. ఈ రెండు ప్రశ్నలూ కలిసిపోతే నిజాయితీగా కుదించినవాడు దొంగలా కనిపిస్తాడు, దొంగ తెలివైనవాడిలా కనిపిస్తాడు. అందుకని ముందు సాంకేతిక విషయం చూసి, తర్వాత పోలికకు వద్దాం.

మూడు మాటల రామాయణం ఎవరికి పనికొస్తుంది?

రామాయణం చెప్పమంటే ‘కట్టె, కొట్టె, తెచ్చె’ అనడం పాత చమత్కారమే. వారధి కట్టాడు, రావణుణ్ణి కొట్టాడు, సీతను తెచ్చాడు. కథ తెలిసినవాడికి ఆ మూడు మాటలకే మొత్తం కళ్లముందు కదులుతుంది. తెలియనివాడి చేతిలో మూడు క్రియలు మిగులుతాయి, ఎవరు చేశారన్నది కూడా ఉండదు.

కోడెక్ పని సరిగ్గా ఇదే. కుదించే భాగం ఎన్‌కోడర్, విప్పే భాగం డీకోడర్. విప్పేవాడికి ముందే తెలిసినదాన్ని మళ్లీ పంపనక్కర్లేదు కాబట్టే ఫైలు చిన్నదవుతుంది. ఫైల్లో లేనిదంతా ఎక్కడో ఒకచోట ఉండాలి: డీకోడర్‌లోనైనా, చూసేవాడి బుర్రలోనైనా. లేకపోతే అది పోయినట్టే.

కుదింపులో రెండు జాతులున్నాయి. ఏమీ పోని కుదింపు ఒకటి, కొంత పోగొట్టే కుదింపు ఇంకొకటి. మొదటిదాని హద్దును 1948లో క్లాడ్ షానన్ లెక్కగట్టి చూపించాడు. 1952లో డేవిడ్ హఫ్‌మన్ ఆచరణకు పనికొచ్చే పద్ధతి ఇచ్చాడు: తరచుగా వచ్చే గుర్తుకు పొట్టి సంకేతం, అరుదుగా వచ్చేదానికి పొడవు సంకేతం.

ఒక ఉదాహరణ వేసి చూద్దాం. 1,000 అక్షరాల సందేశంలో ‘క’ 500 సార్లు, ‘చ’ 250 సార్లు, ‘ట’, ‘త’ చెరో 125 సార్లు వచ్చాయనుకోండి. అన్నింటికీ సమానంగా 2 బిట్లు ఇస్తే 2,000 బిట్లు. అలాకాక ‘క’కు 0, ‘చ’కు 10, ‘ట’కు 110, ‘త’కు 111 ఇస్తే 500 + 500 + 375 + 375, అంటే 1,750 బిట్లు. ఒక్క అక్షరం కూడా పోలేదు. ఏ అక్షరం తర్వాత ఏది వస్తుందో ఊహించే వీలు లేకపోతే, సగటున దీనికంటే తగ్గించడం ఎవరి తరమూ కాదు. జిప్ చేసిన ఫైలును మళ్లీ జిప్ చేస్తే చిన్నదవడం అటుంచి, సాధారణంగా కాస్త పెరగడం కూడా ఇందుకే. పిండాల్సిన పునరుక్తి మొదటిసారే అయిపోయింది.

‘పనికిరానిది తీసేసి అసలు సరుకు మాత్రమే నేర్చుకుంటాను’ అనేవాళ్లు ఊహించుకునేది ఈ మొదటి జాతిని. నిజంగా జరిగేది చాలాసార్లు రెండో జాతి.

1,075 జీబీ నుంచి 700 ఎంబీకి: ఒక సినిమా లెక్క

1080పీ చిత్రంలో ఒక ఫ్రేముకు 1920 × 1080, అంటే 20,73,600 పిక్సెళ్లు. ఒక్కోదానికి ఎరుపు, ఆకుపచ్చ, నీలం కలిపి 3 బైట్లు. సెకనుకు 24 ఫ్రేములు. మొత్తం సెకనుకు దాదాపు 149 ఎంబీ. రెండు గంటల సినిమాకు సుమారు 1,075 జీబీ. రెండు పొరల బ్లూ-రే డిస్క్ సామర్థ్యం 50 జీబీ. ఒకప్పటి పైరసీ ప్రింటు 700 ఎంబీ.

ఇంతింత తేడా ఒకే దెబ్బకు రాదు, అంచెలంచెలుగా వస్తుంది. మన కంటికి వెలుగునీడల మీద ఉన్నంత పట్టు రంగు మీద లేదు. అందుకని వెలుగును ప్రతి పిక్సెల్‌కూ ఉంచి, రంగు సమాచారాన్ని నాలుగు పిక్సెళ్లకు ఒకటి చొప్పున ఉంచుతారు. 4:2:0 అంటారు దీన్ని. నాలుగు పిక్సెళ్లకు 12 అంకెలు ఉండేచోట 6 చాలు. సగం అక్కడే పోయింది, ఎవరూ గమనించలేదు.

తర్వాత చిత్రం కొలతే తగ్గిస్తారు. పాత రిప్పుల్లో, అంటే డిస్క్ నుంచి తీసి కుదించిన కాపీల్లో, 640 × 272 లాంటివి మామూలు. అప్పుడు కుదించని వీడియో సెకనుకు సుమారు 50 మెగాబిట్లు. ఇక 700 ఎంబీని 7,200 సెకన్లకు పంచితే, బైటుకు 8 బిట్ల చొప్పున, సెకనుకు 778 కిలోబిట్లు వస్తాయి. ధ్వనికి 128 పోగా బొమ్మకు మిగిలేది 650. అంటే కోడెక్ ఇంకా దాదాపు 77 రెట్లు పిండాలి. దానికోసం ప్రతి ఫ్రేమునూ పూర్తిగా రాయదు. అప్పుడప్పుడు ఒక పూర్తి ఫ్రేము, అదే కీఫ్రేమ్, పెట్టి మధ్యలోవాటికి ‘ముందు దానికంటే ఏం మారింది’ అన్నదే రాస్తుంది. ఇద్దరు కూర్చుని మాట్లాడుకునే సీను ఇలా చాలా చవగ్గా వెళ్లిపోతుంది. వాన, నీటి మీద అలలు, గాల్లో ఎగిరే కాగితం ముక్కలు మాత్రం కోడెక్‌ను చావగొడతాయి. ప్రతి ఫ్రేములో ప్రతిదీ మారుతుంది కాబట్టి ముందు ఫ్రేమును చూసి ఊహించడానికి ఏమీ ఉండదు. బిట్లు చాలక తెర మీద గళ్లు గళ్లుగా చతురస్రాలు లేస్తాయి.

700 అన్న అంకె ఎక్కడిదో గమనించండి. అది సినిమా అవసరం కాదు, సీడీ సామర్థ్యం. టీవీ ఎపిసోడ్లకు 350, 175 వచ్చింది సీడీలో సగం, పావు అని. దొంగ కాపీలను వేగంగా విడుదల చేసే రహస్య బృందాలను ‘సీన్’ అంటారు. వాటి సొంత నియమావళిలో ఈ కొలతలు, సీడీలు కనుమరుగవుతున్నా ఏళ్ల తరబడి ఉండిపోయాయి. మామూలు రిజల్యూషన్ టీవీ విడుదలలకు ఎక్స్‌విడ్ అనే పాత కోడెక్‌ను వదిలి ఎక్స్264 అనే కొత్తదానికి, స్థిరమైన సైజును వదిలి సీఆర్‌ఎఫ్ పద్ధతికి మారింది 2012 ఫిబ్రవరిలో. సీఆర్‌ఎఫ్‌లో ముందు నాణ్యత నిర్ణయించుకుంటారు, సైజు ఎంత వస్తే అంత. మాటల సినిమా చిన్నదవుతుంది, యుద్ధాల సినిమా పెద్దదవుతుంది.

మన ఆశయాలకు ఈ పోలికలో అన్నింటికంటే బాగా అతికేది ఇదేనని నా అభిప్రాయం. ‘ఆరు నెలల్లో భాష’, ‘30 ఏళ్లకల్లా ఫలానా హోదా’ అన్నవి స్థిరమైన సైజు లక్ష్యాలు. ఆ గడువు నేర్చుకునే విషయం నుంచి పుట్టిందా, ఎప్పుడో మాయమైన ఏదో డిస్క్ కొలత నుంచి పుట్టిందా అని ఎవరూ అడగరు.

37 అనే అంకెకు ఏమవుతుంది?

పోగొట్టే కుదింపులో అసలు నష్టం ఎక్కడ జరుగుతుందో చూడాలంటే ఒక్క అంకె వెంట నడవాలి.

1974లో నాసిర్ అహ్మద్, టి. నటరాజన్, కామిశెట్టి రామమోహన రావు కలిసి డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫార్మ్ అనే గణిత పద్ధతిని ప్రచురించారు. దీనిమీద పని చేస్తానని అహ్మద్ అంతకుముందు అమెరికా నేషనల్ సైన్స్ ఫౌండేషన్‌ను నిధులడిగితే ఇవ్వలేదు. తర్వాత జేపెగ్ నిలబడింది ఆ పద్ధతి మీదే, తొలితరం వీడియో కోడెక్‌లు నిలబడిందీ దాని మీదే. 8 × 8 గడిలోని 64 పిక్సెళ్లను అది 64 వేరే అంకెలుగా మారుస్తుంది. మొదటివి మొత్తం వెలుగును, మెల్లటి మార్పులను చెబుతాయి. చివరివి సన్నని గీతలను, గరుకుతనాన్ని. ఇంతవరకు నష్టం దాదాపు లేదు. నష్టం తర్వాతి మెట్టులో ఉంది. ప్రతి అంకెనూ ఒక మెట్టు విలువతో భాగించి, దగ్గరి పూర్ణాంకానికి సవరిస్తారు. సన్నని వివరాలకు మెట్టు పెద్దది, కాబట్టి వాటిలో చాలావరకు సున్నాలైపోతాయి.

ఒక అంకె 37 అనుకుందాం. మెట్టు 14. భాగిస్తే 2.64, సవరిస్తే 3. విప్పేటప్పుడు 3 × 14 = 42. తేడా 5. ఇది కంటికి ఆనదు.

ఇప్పుడు ఆ ఫైలును ఇంకొకరు తీసుకుని 16 మెట్టుతో మళ్లీ కుదించారు. 42ను 16తో భాగిస్తే 2.63, సవరిస్తే 3, విప్పితే 48. తేడా 11కు పెరిగింది. అదే అసలు మూలం నుంచి నేరుగా 16 మెట్టుతో కుదించి ఉంటే? 37ను 16తో భాగిస్తే 2.31, సవరిస్తే 2, విప్పితే 32. తేడా 5 మాత్రమే. మొరటు మెట్టు ఒక్కటే తప్పు కాదు. తప్పు మీద తప్పు పేరుకుంది. దీన్నే తరాల నష్టం అంటారు. అంటే కుదింపు లోపం సాధారణంగా మొదటిసారి చూసినప్పుడు బయటపడదు, దానిమీద రెండో పని చేయబోయినప్పుడు బయటపడుతుంది.

మూడో సంగతి ఇంకా సరదాగా ఉంటుంది. 42 వచ్చిన ఫైలును చాలా సన్నని మెట్టుతో, అంటే 2తో, మళ్లీ కుదించామనుకోండి. 21 × 2 = 42. ఫైలు బాగా పెరిగింది, పేరు ‘హై క్వాలిటీ’ అయింది, 37 మాత్రం తిరిగి రాలేదు. ఉన్న తప్పును నిక్కచ్చిగా భద్రపరచడానికి చోటు ఖర్చయింది. 128 కిలోబిట్ల ఎంపీ3ని 320గా మార్చి పంచే పాటలు ఈ కోవవే. ఏ పౌనఃపున్యంలో ఎంత శబ్దముందో చూపే బొమ్మ, అదే స్పెక్ట్రోగ్రామ్, తీస్తే సుమారు 16 కిలోహెర్ట్జ్ పైన కత్తితో కోసినట్టు ఖాళీ కనిపిస్తుంది. సారాంశం విని దానిమీద సర్టిఫికెట్టు, ఆ సర్టిఫికెట్టు మీద ఇంకో హోదా పేర్చుకుంటూ పోవడం కూడా మెట్టును సన్నం చేయడం లాంటిదే.

ఎవరి కంటికోసం పారేశారు?

ఏది పారేయాలన్నది కోడెక్ చిత్రాన్ని చూసి మాత్రమే నిర్ణయించదు, చూసేవాడి ఇంద్రియాల బలహీనతను బట్టి నిర్ణయిస్తుంది. ఎంపీ3 పని చేసేది ‘మాస్కింగ్’ మీద: పెద్ద శబ్దం పక్కనున్న చిన్న శబ్దం చెవికి వినపడదు కాబట్టి దాన్ని తీసేయొచ్చు. దీని రూపకర్తల్లో ఒకరైన కార్ల్‌హైంజ్ బ్రాండెన్‌బర్గ్ పరీక్షకోసం సుజాన్ వేగా వాద్యాలు లేకుండా పాడిన పాటను పదేపదే వాడాడు. అప్పటి అల్గోరిథం వాద్యగోష్ఠిలో తప్పించుకున్న లోపాలతో ఒంటరి గొంతు దగ్గర దొరికిపోయింది. వెనక దాక్కోవడానికి అక్కడ ఏ శబ్దమూ లేదు.

ఉద్యోగానికి పెట్టే రెజ్యూమె కూడా చూసేవాడి కంటికోసం కుదించినదే. అర నిమిషంలో చదివేవాడి కన్ను ఎక్కడ ఆగుతుందో అవే ఉంచుతారు. అద్దంలో కొండ చిన్నదవడం తప్పేమీ కాదు. అయితే ఆ అద్దంలో కనిపించే మేరకే కొండను కట్టుకుంటూ పోతే, అంటే కొలిచేవాడికి కనిపించేవే పెంచుకుని మిగతావి అసలు నేర్చుకోకుండా వదిలేస్తే, అది వేరే సంగతి.

మొరటు కుదింపు మసకగా కనిపిస్తుందని మనకు నమ్మకం. అది అన్నివేళలా నిజం కాదు. 2013 ఆగస్టులో జర్మన్ కంప్యూటర్ శాస్త్రవేత్త డేవిడ్ క్రీజెల్ జిరాక్స్ స్కానర్లలో ఒక వింత పట్టుకున్నాడు. ఇంటి ప్లానులో గదుల విస్తీర్ణం 14.13, 21.11, 17.42 అని ఉంటే స్కాన్ కాపీలో మూడు గదులూ 14.13గా వచ్చాయి. జేబిగ్2 కుదింపులో, అప్పటికే దాచుకున్న ముక్కను పోలిన ముక్క కనిపిస్తే కొత్తది రాయకుండా పాతదాన్నే అతికిస్తుంది. అంకెలు మసకబారలేదు, చెదరలేదు. స్ఫుటంగా, అందంగా, తప్పుగా వచ్చాయి. కంపెనీ తర్వాత సాఫ్ట్‌వేర్ సవరణలు విడుదల చేసింది. సారాంశాల మీద బతికే జ్ఞానంలో భయపడాల్సింది ఈ రకం తప్పుకే. తెలియదన్న సంగతి తెలిసినవాడు మసకగా మాట్లాడతాడు. దగ్గరిపోలిక ముక్కను అతికించుకున్నవాడు గట్టిగా మాట్లాడతాడు.

పైరసీ: నాణ్యత ప్రశ్న కాదు

పైరసీ మెట్ల వరస చూస్తే ఈ రెండూ ఎంత వేర్వేరో అర్థమవుతుంది. అట్టడుగున క్యామ్ ప్రింట్, హాల్లో తెరకు ఎదురుగా కెమెరా పెట్టి తీసినది. టెలీసింక్‌లో బొమ్మ అలాంటిదే, శబ్దం మాత్రం నేరుగా తీసుకున్నది. వెబ్-రిప్ అంటే స్ట్రీమింగ్ నుంచి పట్టి మళ్లీ కుదించినది. వెబ్-డీఎల్ స్ట్రీమును ముట్టుకోకుండా ఉన్నదున్నట్టు దింపినది. పైమెట్టున రీమక్స్: డిస్క్‌లోని బొమ్మను, ధ్వనిని మళ్లీ కుదించకుండా పెట్టె మాత్రమే మార్చడం.

రీమక్స్‌లో డిస్క్‌తో పోలిస్తే పోయింది ఏమీ లేదు. అయినా అనుమతి లేకుండా పంచితే పైరసీయే. డబ్బు కట్టి చూసే స్ట్రీమింగ్‌లో అసలు మాస్టర్‌లోని సమాచారం చాలావరకు పోతుంది. అయినా అది పైరసీ కాదు. ఆశయాల లోకంలోనూ అంతే. ఇతరుల పరిశోధనను అక్షరం పోకుండా తన పేరుతో దించుకున్నవాడిది రీమక్స్. ఎంతో చదివి, మూలం పేరు చెప్పి, పది పేజీల్లో తేల్చినవాడిది లైసెన్సున్న కుదింపు.

చరిత్రలో ఈ రెండూ చేయీచేయీ పట్టుకుని నడిచాయి కాబట్టే గందరగోళం. 1999 జూన్‌లో, పాటల ఫైళ్లు ఒకరికొకరు పంచుకునే నాప్‌స్టర్ వచ్చింది. అదే ఏడాది అక్టోబరులో డీవీడీ తాళం విప్పే డీసీఎస్ఎస్ బయటకొచ్చింది. దాని వెనకున్న నార్వే కుర్రాడు యాన్ లెక్ యొహాన్సెన్‌కు అప్పుడు 15 ఏళ్లు. 2003లో అక్కడి కోర్టులు నిర్దోషిగా తేల్చాయి. మైక్రోసాఫ్ట్ ఎంపెగ్-4 వీడియో కోడెక్‌ను మార్చి చేసిన డివ్ఎక్స్ కూడా 1990ల చివరిదే. తాళం విప్పేది ఒకటి, పిండేది ఒకటి, పంచేది ఒకటి. మూడూ ఒకేసారి దొరికాయి.

ఇక నైతిక వాదనలో రెండు పక్షాలకూ బలముంది. 2011లో వీడియో గేముల కంపెనీ వాల్వ్ సహ వ్యవస్థాపకుడు గేబ్ న్యూవెల్, పైరసీ చాలావరకు ధర సమస్య కాదు, సేవ సమస్య అన్నాడు. సరుకు అందుబాటులో లేనిచోట దొంగ కాపీ పుడుతుందని. 1985లో డౌలింగ్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు, కాపీరైట్ ఉల్లంఘన వస్తువును దొంగిలించడంతో సమానం కాదని చెప్పింది. కాపీ తీస్తే మూలం యజమాని దగ్గరే ఉంటుంది మరి. అవతలి పక్షం అడిగేది కూడా తీసిపారేసేది కాదు: మొదటి కాపీ తయారు చేయడానికి పెట్టిన ఖర్చును ఎవరు భరించాలి? వందో కాపీ ఉచితమే కావచ్చు, మొదటిది ఎప్పుడూ కాదు.

ఈ వాదనను ఆశయాల మీదికి తెచ్చేసరికి రెండు చోట్ల బెసుకుతుంది. చట్టం కాపాడేది వ్యక్తీకరణను, ఆలోచనను కాదు. ఎవరి పద్ధతినో చూసి నేర్చుకుని సొంతంగా చేసుకుంటే పైరసీ అనడం పొరపాటు, విద్య అంటేనే అది. రెండోది దీనికి ఎదురు దిశలో ఉంది. ఫైలు ఎన్నిసార్లు కాపీ అయినా మూలం తరగదు. ఉద్యోగం, సీటు, బహుమతి అలాంటివి కావు. అరువు తెచ్చిన పనితో ఒకరు ఎక్కిన కుర్చీ ఇంకొకరికి లేనట్టే. డౌలింగ్ తీర్పు తర్కం ఇక్కడ చెల్లదు. పైరసీ పోలిక ఇలాంటిచోట అసలు నష్టాన్ని పెంచి చూపదు, తగ్గించి చూపుతుంది.

కుదించే పనికి పట్టే సమయం

కుదింపును అడ్డదారికి మారుపేరుగా వాడేవాళ్లు ఒక సంగతి మరిచిపోతారు. మంచి కుదింపు నిదానంగా జరుగుతుంది. ఎక్స్264లో ‘అల్ట్రాఫాస్ట్’ నుంచి ‘వెరీస్లో’ దాకా అమరికలున్నాయి. అదే నాణ్యతకు తొందరపడ్డ ఎన్‌కోడర్ పెద్ద ఫైలు ఇస్తుంది, ఓపికపట్టింది చిన్న ఫైలు ఇస్తుంది. చూసేవాడికి మిగిలే ప్రతి బిట్టుకూ కుదించేవాడు సమయంతో ముందే చెల్లిస్తాడు. ‘వెరీస్లో’ తర్వాత ఇంకొకటుంది, దాని పేరు ‘ప్లాసిబో’. సమయం విపరీతంగా తింటుంది, లాభం కంటికి కనపడదు. తయారుచేసినవాళ్లే ఆ పేరు పెట్టారు. రేయింబవళ్లు కష్టపడటాన్నే గొప్పగా చెప్పుకునేవాళ్లు ఈ పేరు గుర్తుంచుకోవచ్చు.

నిపుణులు కుదించి ఆలోచించే తీరు కూడా ఇలాంటిదే. 1973లో విలియం చేజ్, హెర్బర్ట్ సైమన్ ప్రచురించిన ప్రయోగంలో, నిజమైన చదరంగం ఆటలోని స్థితిని 5 సెకన్లు చూపిస్తే, బోర్డు మీదున్న రెండు డజన్ల పావుల్లో మాస్టర్ స్థాయి ఆటగాడు 16 దాకా సరైన గళ్లలో పెట్టగలిగాడు, కొత్తవాడు 4 మాత్రమే. పావులను ఇష్టమొచ్చినట్టు చెదరగొట్టి చూపిస్తే ఆ ఆధిక్యం దాదాపు మాయమైంది. మాస్టర్ జ్ఞాపకశక్తి పెద్దదేమీ కాదు. ఏళ్ల తరబడి ఆడి, అతను తన డీకోడర్‌ను కట్టుకున్నాడు. ఆ డీకోడర్‌తోనే నాలుగైదు పావులు అతనికి ఒక్క ముక్కగా కనిపిస్తాయి. ఆ ముక్కల పేర్లు జాబితాగా రాసి కొత్తవాడి చేతిలో పెడితే, కట్టె, కొట్టె, తెచ్చె పెట్టినట్టే.